ఆగి ఉన్న లారీని గుద్దుకుని మా బావ పోయాడు, తప్పు ఆయనదేనంటున్నారు

గుత్తికోట: అందరికీ నమస్తే. రెండు నెలల కింద మా బావ (అక్క భర్త, 34 ఏళ్లు) అనంతపురంలో పని ముగించుకుని రాత్రి తొమ్మిదప్పుడు బైక్ మీద గుత్తి వైపు వస్తూ, హైవే మీదే ఆపేసిన లారీని వెనక నుంచి గుద్దుకుని అక్కడికక్కడే పోయాడు. లారీకి వెనక లైటు లేదు, కనీసం నాలుగు రాళ్లో చెట్టుకొమ్మో కూడా అడ్డం పెట్టలేదు. అయినా ఎఫ్ఐఆర్‌లో బైకతనే అజాగ్రత్తగా వచ్చాడని రాశారు. మేం మార్చురీ దగ్గర ఉన్నాం, ఏం రాశారో ఎవరు చూస్తారు? ఇప్పుడు లారీ ఇన్సూరెన్స్ తరఫున ఒకాయన వచ్చి 5 లక్షలకు మించి రాదు, సంతకం పెట్టండి అంటున్నాడు. బావది బేల్దారి (తాపీ) పని, జీతం స్లిప్పులు లేవు. అక్క, ఇద్దరు పిల్లలు, బావ వాళ్లమ్మ ఉన్నారు.

టవర్‌క్లాక్ దగ్గర: ముందు ఆ సంతకం ఆపండి. ఆ 5 లక్షలు మోటారు వాహనాల చట్టం సెక్షన్ 164 కింద, తప్పెవరిదని అడగకుండా ఇచ్చేవి. అవి తీసుకుంటే 166 కింద వేసే పెద్ద క్లెయిమ్ పోతుంది. ఆ పిటిషన్‌కి 2022 ఏప్రిల్ నుంచి ఆరు నెలల గడువు పెట్టారు, అందులో రెండు మీకు అప్పుడే అయిపోయాయి.

కడప కుర్రోడు: అన్నా, ఎఫ్ఐఆర్‌లో ఉన్నదే ఫైనల్ కాదు. మా నాన్న కేసులో టీ కొట్టాయన క్రిమినల్ కోర్టులో నేనేం చూడలేదనేశాడు, డ్రైవర్ బయటపడ్డాడు. అయినా ట్రిబ్యునల్ (ప్రమాద పరిహారం తేల్చే కోర్టు) మాకు ఇచ్చింది, ఎందుకంటే ఇక్కడ అనుమానానికి తావు లేకుండా రుజువు చేయక్కర్లేదు, ఇలాగే జరిగి ఉంటుందని ఎక్కువగా అనిపిస్తే చాలు. మమ్మల్ని కాపాడింది పోలీసులు ప్రమాదం జరిగిన చోట రాసిన పంచనామా, గీసిన స్కెచ్. బండి రోడ్డులో ఎంత లోపల ఉంది, బ్రేకు గుర్తులు ఎక్కడ మొదలయ్యాయి, అన్నీ అందులోనే ఉన్నాయి. వాటితోపాటు ఎంవీఐ (బండ్లను తనిఖీ చేసే ఇన్‌స్పెక్టర్) రిపోర్టు, పోస్ట్‌మార్టం, శవ పంచనామా కాపీలు ఈ వారంలోనే తెచ్చుకోండి.

బురుజు నీడ: కర్నూలు నుంచి. మాది ఓడిపోయిన కథ, అందుకే చెబుతున్నా. మా లాయర్ గుమాస్తా ఎవరో బంధువును ప్రత్యక్ష సాక్షిగా నిలబెట్టాడు, పోలీసు కాగితాల్లో అతని పేరే లేదు. లారీ ముఖం ఎటు ఉందని అవతలి లాయర్ అడిగితే ఉత్తరమన్నాడు, స్కెచ్‌లో దక్షిణం. అంతే, ఆయనతోపాటు మా నిజం కూడా అబద్ధమైపోయింది. సాక్షి లేకపోతే లేడనండి, మనిషిని తయారు చేయొద్దు.

టవర్‌క్లాక్ దగ్గర: కరెక్ట్. రోడ్డు మీద బండిని ప్రమాదకరంగా వదిలేయకూడదని అదే చట్టం సెక్షన్ 122 చెబుతుంది. ఒక కారు ఆగి ఉన్న గ్యాస్ ట్యాంకర్‌ను గుద్దిన కేసులో హైకోర్టు సగం తప్పు కారుదే అంటే, 2018లో సుప్రీం కోర్టు ఒప్పుకోలేదు. ఇక్కడా ఇన్సూరెన్స్ వాళ్లు బావ తప్పు కొంత ఉందనే లాగుతారు, ఆ శాతం మీదే అసలు పోట్లాట. నెలకు 15 వేల సంపాదన అనుకుందాం. ఏడాదికి 1,80,000. సొంతంగా పని చేసుకునేవాళ్లకి 40 ఏళ్లలోపైతే సుప్రీం కోర్టు ప్రణయ్ సేథి తీర్పు (2017) ప్రకారం ముందు ముందు పెరిగే సంపాదన కింద 40 శాతం కలిపితే 2,52,000. ఆధారపడినవాళ్లు నలుగురు కాబట్టి బావ సొంత ఖర్చుల కింద పావు వంతు తీసేస్తే 1,89,000. సుప్రీం కోర్టుదే సరళా వర్మ తీర్పు (2009) పట్టికలో ఆ వయసుకి గుణకం (ఏడాది మొత్తాన్ని హెచ్చించాల్సిన అంకె) 16, అంటే 30,24,000. తోడు కోల్పోయినందుకు, అంత్యక్రియలకు వచ్చేవి వేరే. బావ తప్పు 30 శాతం అన్నారనుకోండి, ఈ ఒక్క లెక్కలోనే 9,07,200 పోయినట్టు. దాని ముందు ఆ 5 లక్షలు ఎంత?

గుత్తికోట: 15 వేలు ఎలా చూపించాలి?

కడప కుర్రోడు: మేస్త్రీని తెచ్చి చెప్పించండి, కూలి ఫోన్‌పేలో వేసుంటే స్టేట్‌మెంట్ తీయండి. బైక్ బావ పేరు మీదే ఉండి లైసెన్సుంటే బైక్ పాలసీ కూడా చూడండి. ఓనర్‌కి 15 లక్షల ప్రమాద బీమా ఉంటే, తప్పెవరిదైనా అది వస్తుంది. చాలామందికి ఇది తెలీనే తెలీదు.

గుత్తికోట: పాలసీ దొరికింది, దానికి డబ్బు కట్టినట్టే ఉంది. ఇంకోటి, శవాన్ని తీసుకురావడానికి వచ్చిన మా ఊరి పిల్లోడు ఆ రాత్రి వీడియో తీశాడంట. లారీ వెనక అంతా చీకటి, టైర్లు తెల్ల గీతకు లోపల, రోడ్డు మీదే ఉన్నాయి.

టవర్‌క్లాక్ దగ్గర: ఆ ఫోన్ అమ్మనివ్వద్దు, ఫార్మాట్ చేయనివ్వద్దు. వీడియో కోర్టులో పెట్టాలంటే భారతీయ సాక్ష్య అధినియం సెక్షన్ 63 సర్టిఫికెట్ కావాలి, లాయర్‌తో రాయించి పిల్లోడి సంతకం, దాంతోపాటు నిపుణుడి సంతకం తీసుకోండి.