ఆశ్రమంలో పెద్దవాళ్లకి అసలు సంగతి చెప్పకుండా డాక్యుమెంటరీ తీయొచ్చా?

పాతరీలు: నిన్న ‘ద మోల్ ఏజెంట్’ చూశాను. చిలీ డాక్యుమెంటరీ, 2020లో వచ్చింది, మైతే అల్బెర్ది తీశారు. ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లింది. వృద్ధాశ్రమంలో తన తల్లిని సరిగా చూడట్లేదేమోనని ఒకావిడకి అనుమానం. ఆవిడ కోసం ఒక డిటెక్టివ్ 83 ఏళ్ల సెర్జియోకి కెమెరా దాచిన కళ్లజోడు ఇచ్చి లోపలికి పంపుతాడు. సినిమా వాళ్లేమో ముందే ఆశ్రమంలో దిగి, వృద్ధాప్యం మీద తీస్తున్నామన్నారు. గూఢచారి ఊసే ఎత్తలేదు. నాకిది మింగుడు పడలేదు.

గోదారిగట్టు: అందులో అబద్ధం ఏముందండీ? తీసింది వృద్ధాప్యం మీదే కదా! సిబ్బంది బాగానే చూస్తున్నారు, పిల్లలే రావట్లేదు అని సెర్జియో తేల్చాడు. ఉన్నది ఉన్నట్టు చెబితే ఇంత బయటికొచ్చేదా?

పాతరీలు: ఒకావిడ మతి తప్పి అమ్మ కోసం కలవరిస్తుంటుంది. సిబ్బందిలో ఒకరు ఫోన్లో అమ్మలా మాట్లాడి ఊరడిస్తారు. అది చూసి నాకూ కళ్లు చెమర్చాయి. కానీ దాన్ని ప్రపంచమంతా చూడొచ్చని ఆవిడ ఒప్పుకున్నట్టేనా? సంతకం పెట్టినా, దేనికి పెట్టిందో మర్నాటికి గుర్తుంటుందా?

చాయ్‌బిస్కట్: దాన్ని అంటున్నారు గానీ, మన యూట్యూబ్ ఛానళ్లు చూడండి. మదర్స్ డే వస్తే చాలు, మైకు పట్టుకుని ఆశ్రమాలకి బయల్దేరతారు. ‘మీ అబ్బాయి ఎందుకు వదిలేశాడమ్మా’ అని ఆవిడ ఏడ్చేదాకా అడుగుతారు. వెనకాల వయొలిన్ ఒకటి! చిలీ సినిమాలో ముసలివాళ్లు డాన్సు చేస్తారు, అలుగుతారు, ఒకావిడైతే సెర్జియోని పెళ్లాడతానంటుంది. మన వీడియోల్లో వాళ్లకి ఏడవడం తప్ప పనే లేదు.

డాలస్‌లోతెలుగు: మా అమ్మ రిటైర్డ్ టీచర్, హైదరాబాద్ శివార్లలో సీనియర్ హోమ్‌లో ఉంటుంది. పోయిన సంక్రాంతికి వెళ్లినప్పుడు ఇద్దరం కలిసి ఈ సినిమానే చూశాం. నేను ఎథిక్స్ అంటూ ఏదో మొదలుపెడితే, ‘కెమెరా సంగతి సరేరా, ఆయన మూడు నెలలు వాళ్ల పక్కన కూర్చుని మాట్లాడాడు’ అంది. మళ్లీ నోరెత్తలేదు నేను.

పాతరీలు: మరి మీ అమ్మగారిని అడగకుండా ఎవరైనా తీస్తే ఊరుకుంటారా?

డాలస్‌లోతెలుగు: నేను కాదండీ, ఆవిడే ఊరుకోదు. తల దువ్వుకోకుండా ఫోటో తీస్తేనే పెద్ద గొడవ!

గోదారిగట్టు: అయితే సరే, నేనూ ఒక మెట్టు దిగుతాను. మతి స్థిమితం ఉన్నవాళ్లకి ఎడిటింగ్ అయ్యాక చూపించి మళ్లీ అడగాలి. లేనివాళ్ల విషయంలో పిల్లల్ని అడుగుదామంటే, సినిమా మొత్తం ఆ పిల్లలు రాకపోవడం మీదే కదా. ఇక ఎవర్ని అడగాలి?

పాతరీలు: అక్కడే నేనూ ఆగిపోయానండీ.