బెంగళూరులో దారి మధ్య టైరు పంక్చరైతే ఎవరిని పిలవాలి?

కొత్త సభ్యుని ప్రశ్న:

అందరికీ నమస్కారం. ఉద్యోగరీత్యా ఈమధ్యనే అనంతపురం నుంచి వచ్చి మారతహళ్ళిలో కాపురం పెట్టాము. కారు ఆంధ్ర రిజిస్ట్రేషన్‌ది, ఇన్సూరెన్సు కూడా అక్కడ చేయించినదే. రాత్రివేళ ఔటర్ రింగ్ రోడ్డు మీద టైరు పంక్చరైతే ఎవరికి ఫోన్ చేయాలి? నాకు స్టెప్నీ మార్చడం రాదు, కన్నడమూ రాదు. దయచేసి తెలిసినవారు చెప్పగలరు.

జవాబు:

నమస్కారమండి. పాలసీ ఆంధ్రలో చేయించినదైనా ఇక్కడా చెల్లుతుంది కాబట్టి ఆ విషయంలో దిగులు అక్కరలేదు. చూసుకోవలసింది అందులో రోడ్‌సైడ్ అసిస్టెన్స్, అంటే దారిలో కారు ఆగిపోతే మనిషిని పంపి సాయం చేసే సౌకర్యం, ఉందా లేదా అన్నది. అది సాధారణంగా అదనపు ప్రీమియం కట్టి తీసుకునే కవరు. థర్డ్ పార్టీ పాలసీ మాత్రమే ఉన్నవారికి మామూలుగా ఉండదు. కారు కొత్తదైతే తయారీ కంపెనీవారు ఇచ్చిన సౌకర్యం ఇంకా గడువులో ఉండవచ్చు. ఏడాదికి ఎన్నిసార్లు పిలవవచ్చో, కారును ఎంత దూరం వరకు ఉచితంగా లాక్కెళ్తారో పాలసీ కాగితాల్లోనే రాసి ఉంటుంది. ఈ రెండూ ఈ రోజే చదివి, సాయానికి పిలవవలసిన ఫోన్ నంబరును పాలసీ నంబరుతో సహా ఒక కాగితం మీద రాసి కారులో పెట్టుకోండి. చీకట్లో, వాన పడుతుండగా, ఫోనులో ఛార్జింగ్ అడుగంటినప్పుడు ఆ కాగితమే ఆదుకుంటుంది.

టైరులో గాలి పోయిందని తెలియగానే చాలామంది కంగారుపడి ఉన్నచోటే ఆపేస్తారు. ఔటర్ రింగ్ రోడ్డు మీద, అందులోనూ ఫ్లైఓవర్ల మీద, అలా ఆపడమంత ప్రమాదం మరొకటి లేదు. నాలుగు ఇండికేటర్లూ వేసి, ఎడమపక్కగా నెమ్మదిగా పోనిస్తూ ఫ్లైఓవర్ దిగి, సందు దొరికితే సర్వీసు రోడ్డులోకి వెళ్ళి ఆపండి. దీనివల్ల టైరు పనికిరాకుండా పోవచ్చు, రిమ్ముకు దెబ్బ తగలవచ్చు. పోతే పోనివ్వండి, టైరు మళ్ళీ కొనుక్కోవచ్చు. ఆపాక హ్యాండ్ బ్రేకు వేసి, ఎర్ర త్రికోణాన్ని వెనుక వచ్చేవారికి దూరం నుంచే కనబడేటట్టు పెట్టి, ఇంట్లోవాళ్ళను ఎడమవైపు తలుపులోంచి దింపి రోడ్డుకు ఎడంగా నిలబెట్టండి. కారు వెనుక మాత్రం ఎవరూ నిలబడకూడదు.

ఆ తరువాతే, కాగితం మీద రాసుకున్న ఆ నంబరుకు ఫోన్. హిందీలోనో ఇంగ్లీషులోనో మాట్లాడితే సరిపోతుంది. ఇక సాయానికి వచ్చే మెకానిక్కుతో, ఈ ఊళ్ళో తెలుగు అర్థమయ్యేవారు చాలామందే ఉన్నారు కాబట్టి, ఇబ్బంది పెద్దగా ఉండదు. కన్నడంలో ‘టైర్ పంక్చర్ ఆగిదె’ (టైరు పంక్చరైంది) అంటే ఎవరికైనా తెలుస్తుంది. ఎక్కడున్నారో చెప్పడానికి వాట్సాప్‌లో లొకేషన్ పంపడంతోపాటు దగ్గర్లోని మెట్రో స్తంభం మీది నంబరు చెప్పండి. వైట్‌ఫీల్డ్ దారిలాంటి చోట్ల మెట్రో కిందే రోడ్డు సాగుతుంది గనుక, స్తంభం నంబరు చెబితే వచ్చేవారు తిన్నగా మీ దగ్గరకే వస్తారు. స్టెప్నీలో గాలి ఉందా, చక్రం ఎవరూ ఊడదీయకుండా బిగించే వీల్ లాక్ ఉంటే దాని తాళం కారులోనే ఉందా అన్నవి కూడా అడుగుతారు. 2020లో నిబంధనలు సవరించాక కొన్ని కొత్త కార్లకు స్టెప్నీ బదులు రిపేరు కిట్టే ఇస్తున్నారు. మీది అలాంటిదైతే ఆ మాట ముందే చెప్పండి. మామూలుగా స్టెప్నీ మార్చడం వరకే ఉచితం, పంక్చరు వేయించుకునే ఖర్చు మనదే.

ఎదురుచూస్తుండగా ఎవరో బైకు మీద వచ్చి, ‘కంపెనీవాళ్ళే పంపారు’ అనవచ్చు. మీ ఫోనుకు వచ్చిన ఫిర్యాదు నంబరు చెప్పగలిగితేనే చేయి వేయనివ్వండి. ఔటర్ రింగ్ రోడ్డు మీద పడివున్న మేకులను ఒక ఐటీ ఉద్యోగి కిలోల లెక్కన ఏరిన సంగతి లోగడ పత్రికల్లో వచ్చింది. కావాలనే చల్లుతున్నారని అనుమానాలు వచ్చిన రోడ్డది. పంక్చరు షాపులో కూడా పక్కనే నిలబడి చూడండి. సబ్బునీళ్ళు పోసినప్పుడు బుడగలు ఆగకుండా పొంగుతున్న చోటు మాత్రమే చిల్లు. ఎక్కడెక్కడ బుడగలు వచ్చాయో మీ కళ్ళతో లెక్కపెట్టుకోండి, అంతకంటే ఎక్కువ పంక్చర్లకు డబ్బు ఇవ్వవద్దు. టైరు పక్కగోడ తెగితే మాత్రం అతుకు వేయించుకోకండి, ఆ టైరు మార్చవలసిందే.

అదే సభ్యుని ప్రశ్న:

చాలా ధన్యవాదాలండి. మరి పండక్కి అనంతపురం వెళ్ళేటప్పుడు దారిలో ఇలా జరిగితే?

జవాబు:

బాగేపల్లి మీదుగా వెళ్ళేది 44వ నంబరు జాతీయ రహదారి కాబట్టి 1033కి ఫోన్ చేయండి. అది జాతీయ రహదారుల సంస్థవారి ఉచిత నంబరు, 24 గంటలూ పనిచేస్తుంది. దారి పక్కన చివరగా కనబడిన కిలోమీటరు రాయి మీది అంకె, మీరు వెళ్తున్న దిక్కు చెబితే గస్తీ బండినో క్రేనునో పంపించే ఏర్పాటు చేస్తారు. ఎవరికైనా దెబ్బలు తగిలినా, చుట్టుపక్కల మనుషులను చూసి భయం వేసినా 112కి చేయండి. ట్యూబ్‌లెస్ టైరులో మేకు దిగితే దాన్ని లాగేయకండి. అది ఉన్నంతసేపు గాలి కొద్దికొద్దిగానే పోతుంది కాబట్టి, టైరు ఇంకా నిలిచివుంటే, మెల్లగా దగ్గర్లోని పెట్రోలు బంకు దాకా పోవచ్చు. స్టెప్నీ మిగతా చక్రాలకంటే సన్నదైతే మార్చిన తరువాత దానిమీద రాసిన వేగం దాటకండి, సాధారణంగా అది గంటకు 80 కిలోమీటర్లు. ముందు తగిలే ఊళ్ళో అసలు టైరుకు పంక్చరు వేయించి బిగించుకున్నాకే మిగతా ప్రయాణం పెట్టుకోండి. బయలుదేరే ముందురోజు బంకులో నాలుగు టైర్లతోపాటు స్టెప్నీకి కూడా గాలి చూడమని అడగండి, మనం అడగకపోతే డిక్కీ తెరిచి చూడరు.