థైరాయిడ్ మాత్రలతో అమ్మకి తెల్లకణాలు 1,300కి పడిపోయాయి, మీలో ఎవరికైనా ఇలా అయిందా?

తెనాలి_అమ్మాయి:
అందరికీ నమస్తే అండీ. ఆస్పత్రిలో అమ్మ మంచం పక్కన కూర్చుని ఫోన్‌లో రాస్తున్నాను, తప్పులుంటే ఏమీ అనుకోకండి. అమ్మకి 52 ఏళ్లు. బరువు తగ్గిపోవడం, గుండె దడ, చేతులు వణకడం ఉంటే పరీక్ష చేసి థైరాయిడ్ ఎక్కువగా ఉందన్నారు, ఆగస్టులో కార్బిమజోల్ మొదలుపెట్టారు, రోజుకి 30 మి.గ్రా. నెల తిరిగేసరికి దడ తగ్గింది, మనిషి కాస్త తేరుకుంది. ఆరో వారంలో గొంతు నొప్పి మొదలైంది. మొదటి రోజు ఉప్పునీళ్లు పుక్కిలించి ఊరుకుంది. రెండో రోజుకి ఉమ్మి కూడా మింగలేక పక్కన గిన్నె పెట్టుకుని కూర్చుంది, జ్వరం 103. మా వీధి ఆర్‌ఎంపీ గారు అజిత్రోమైసిన్, పారాసెటమాల్ ఇచ్చి, డెంగ్యూ సీజన్ కదా అని సీబీపీ, అదే రక్తకణాల లెక్క పరీక్ష, చేయించమన్నారు.

రిపోర్టు సాయంత్రం వాట్సాప్‌లో వచ్చింది. ఇంట్లో అందరం చూసింది ఒక్కటే, ప్లేట్‌లెట్లు. 2 లక్షల 10 వేలు ఉన్నాయి, అమ్మయ్య అనుకుని పడుకున్నాం. అదే కాగితంలో పైన టోటల్ కౌంట్ 1,300 అని, న్యూట్రోఫిల్స్ (బ్యాక్టీరియాని ఎదుర్కొనే తెల్లకణాలు) 8 శాతం అని ఉంది. ఒక్కరి కళ్లకీ ఆనలేదు. ఆ రాత్రి కార్బిమజోల్ మాత్ర నా చేత్తోనే ఇచ్చాను. తెల్లవారుజామున చలి వచ్చి మంచం కదిలిపోయేలా వణికింది. గుంటూరు తీసుకొస్తే ఎమర్జెన్సీలో డ్యూటీ డాక్టరమ్మ రిపోర్టు చూస్తూనే "ఏం మందులు వాడుతున్నారు?" అని అడిగారు. పేరు చెప్పగానే ముందు ఆ మాత్ర ఆపేయమన్నారు. ఇప్పుడు విడిగా గదిలో పెట్టి యాంటీబయాటిక్ ఎక్కిస్తున్నారు, కౌంట్ పెరగడానికి రోజూ ఒక ఇంజెక్షన్ ఇస్తున్నారు. రెండు రోజులైంది, కౌంట్ కదల్లేదు. ఎన్ని రోజులు పడుతుంది? ఎవరైనా దీన్నుంచి బయటపడ్డవాళ్లు ఉంటే చెప్పండి, చాలా టెన్షన్‌గా ఉంది.

నల్గొండ_ల్యాబ్:
అమ్మగారు కోలుకుంటారండీ, ధైర్యంగా ఉండండి. నేను ల్యాబ్ టెక్నీషియన్‌ని, పదకొండేళ్లుగా సీబీపీలు చేస్తున్నాను, అందరికీ పనికొస్తుందని ఒక సంగతి చెప్తాను. టోటల్ కౌంట్‌ని న్యూట్రోఫిల్ శాతంతో గుణించి 100తో భాగించండి. మీ అమ్మగారికి 1,300 ఇంటూ 8 బై 100, అంటే 104. ఇది 1,500 పైన ఉండాలి. 500 కంటే దిగితే ఒంట్లోకి వచ్చే బ్యాక్టీరియాని ఆపేవాళ్లు దాదాపు లేనట్టే. చాలా రిపోర్టుల్లో శాతాలే ఉంటాయి కానీ ఈ లెక్క వేసి ఇవ్వరు. పైగా న్యూట్రోఫిల్స్ తగ్గితే మిగిలిన శాతం అంతా లింఫోసైట్లు అనే ఇంకో రకం తెల్లకణాల వైపు పోతుంది, 84 శాతం అని కనపడి పక్కన 'ఎక్కువ' అని గుర్తు పడుతుంది, దాన్ని చూసి "లింఫోసైట్లు పెరిగాయి, వైరల్ జ్వరమే" అనేస్తారు. నిజానికి అక్కడ ఏదీ పెరగలేదు, రెండోది మాయమైంది. మా దగ్గర ఇలాంటిది వస్తే స్లైడ్ మీద ఇంకోసారి చూసి, రిపోర్టు పంపి ఊరుకోకుండా ఫోన్ కూడా చేస్తాం. ఫోన్ చేయని ల్యాబ్‌లూ ఉన్నాయి, అందుకే మీరే చూసుకోండి.

కాకినాడ_అక్క:
అమ్మాయ్, నాకు అయింది ఇది. నా కథ కొంచెం తేడా. మొదటిసారి కార్బిమజోల్ ఏడాదిన్నర వాడాను, ఏమీ కాలేదు. ఆపేశాక రెండేళ్లకి థైరాయిడ్ మళ్లీ తిరగబెట్టింది, అదే మందు కదా, నాకు పడిందే కదా అని నిశ్చింతగా వేసుకున్నాను. ఐదో వారంలో చిగుళ్లు పుళ్లు పడ్డాయి, గొంతు పట్టేసింది, జ్వరం. కౌంట్ 900. ఒకసారి పడిన మందు రెండోసారి కూడా పడుతుందన్న హామీ లేదట, మధ్యలో ఆపి మళ్లీ మొదలుపెడితే మొదటి మూడు నెలలూ మళ్లీ కొత్తగా జాగ్రత్త పడాలట. నాకు తొమ్మిదో రోజున కౌంట్ కదిలింది. ఐదు రోజులు సున్నా దగ్గరే ఉండి ఏడుపొచ్చేది, కదలడం మొదలయ్యాక రోజురోజుకీ రెట్టింపయింది. కాబట్టి రెండు రోజులకే దిగులు పడకు తల్లీ. ఒక్క మాట మాత్రం గట్టిగా అడుగు. థైరాయిడ్ తగ్గించడానికి బదులుగా ప్రొపైల్‌థయోయురాసిల్ ఇస్తామంటే ఒప్పుకోకు, ఒకదానితో కౌంట్ పడినవాళ్లకి రెండోదానితోనూ పడొచ్చు, నా డాక్టరు గారు దాని జోలికే పోలేదు. నాకు తర్వాత రేడియో అయోడిన్, అదే థైరాయిడ్ గ్రంథిని అణిచే రేడియోధార్మిక మందు, ఇచ్చారు, ఇప్పుడు రోజూ థైరాక్సిన్ మాత్ర ఒకటి వేసుకుంటాను, నాలుగేళ్లుగా బాగున్నాను.

పాలమూరు_రైతుబిడ్డ:
మా నాన్నది మెథోట్రెక్సేట్. కీళ్లవాతానికి వారానికి ఒక్కరోజు వేసుకోవాల్సిన మందు. పెద్దాసుపత్రిలో డాక్టరు చీటీ మీద ఇంగ్లీషులో వారానికొకసారి అనే రాశారు. షాపులో అబ్బాయి కవరు మీద రాత్రికి ఒకటి అని గీత పెట్టి ఇచ్చాడు. దాంతోపాటు ఇచ్చే ఫోలిక్ యాసిడ్ కూడా పసుపు మాత్రే, ఇదీ పసుపే. నాన్న తొమ్మిది రోజులు రోజూ వేసుకున్నాడు. ముందు నోరంతా పూసింది, మజ్జిగన్నం కూడా మంట అన్నాడు, మేము వేడి చేసిందనుకుని సబ్జా గింజలు తాపినం. తర్వాత జ్వరం, ఒంటి మీద ఎర్ర మచ్చలు. తెల్లకణాలు 700, ప్లేట్‌లెట్లు కూడా పడిపోయినయి. ఫోలినిక్ యాసిడ్ ఇంజెక్షన్లు ఇచ్చి పదహారు రోజులు ఉంచుకున్నరు. బతికిండు. ఇప్పుడు క్యాలెండర్ మీద మంగళవారాలన్నీ ఎర్ర స్కెచ్‌తో నేనే చుట్టి పెట్టిన, మాత్రల డబ్బా నా దగ్గరే ఉంటది, మంగళవారం రాత్రి తప్ప తీయను. ఇంకొకటి, ఈ మందు వాడేవాళ్లకి మూత్రంలో ఇన్‌ఫెక్షన్ అనో దగ్గు అనో కోట్రైమాక్సజోల్, అదే సెప్ట్రాన్ రకం మాత్రలు ఇవ్వొద్దట. రెండూ ఫోలిక్ యాసిడ్ దారినే కొడతాయి, కలిస్తే కణాలు తయారు కావట. ఏ డాక్టరు దగ్గరికి పోయినా ముందు మెథోట్రెక్సేట్ పేరు చెప్పండి.

వైజాగ్_మాస్టారు:
అందరి బాధా అర్థమైంది కానీ ఒక భయం చెప్పాలి. ఇది చదివి ఎవరైనా రేపు పొద్దున కార్బిమజోల్ ఆపేస్తే? మా మరదలు ఇలాగే ఎవరో చెప్పారని తనంతట తనే మానేసింది, మూడు వారాల్లో గుండె దడ 160కి పోయి ఐసీయూలో చేరింది. లక్షల మంది ఇవే మాత్రలు వేసుకుని బాగుంటున్నారు. భయపెట్టకండి దయచేసి.

మెడిసిన్_పీజీ:
మాస్టారూ, మీరు చెప్పింది కూడా నిజమే, అందుకే కాస్త విడమరిచి రాస్తాను. కార్బిమజోల్ వాడేవాళ్లలో ఈ సమస్య వచ్చేది సుమారు వెయ్యి మందిలో ఇద్దరి నుంచి ఐదుగురికి. ఎక్కువగా మొదటి మూడు నెలల్లోనే. జ్వరం, గొంతు నొప్పి, నోటి పూత ఏవీ లేనివాళ్లు మాత్ర ఆపక్కర్లేదు, ఆపకూడదు. ఆ మూడింటిలో ఏదొచ్చినా మాత్రం తర్వాతి మాత్ర వేసుకోకుండా అదే రోజు సీబీపీ చేయించాలి, మందు రాసిన డాక్టరుకి చెప్పాలి. కౌంట్ బాగుంటే మాత్ర మళ్లీ మొదలవుతుంది, ఒక్క పూట ఆగినందుకు థైరాయిడ్ ఏమీ విరుచుకుపడదు.

నెలకోసారి రక్తపరీక్ష చేయిస్తున్నాం కదా, ముందే తెలిసిపోతుంది అనుకోకండి. కార్బిమజోల్‌తో కౌంట్ మెల్లగా దిగదు, చాలామందిలో రోజుల్లోనే పడిపోతుంది. న్యూట్రోఫిల్స్ రక్తంలో గంటల లెక్కన మాత్రమే తిరుగుతాయి, మూలుగలో తయారీ ఆగితే నిల్వ త్వరగా ఖాళీ అవుతుంది. సోమవారం రిపోర్టు బాగుండి శుక్రవారానికి గొంతు పట్టేయొచ్చు. అందుకే ఇక్కడ ఒంటి గుర్తులే ముఖ్యం. పారాసెటమాల్‌తో జ్వరం తగ్గిందని ఊరుకుంటే ఆ గుర్తు కూడా పోతుంది. నా ఓపీలో కార్బిమజోల్ రాసిన ప్రతి చీటీ వెనక "జ్వరం, గొంతు నొప్పి వస్తే మాత్ర ఆపి రక్తపరీక్ష" అని తెలుగులో రాస్తాను. అర నిమిషం పని. మాకు కూడా ఇది అలవాటు కావాలి.

లెస్టర్_నుంచి:
మా తమ్ముడు ఇక్కడ యూకేలో క్లోజపిన్ మీద ఉన్నాడు, వేరే మందులేవీ పనిచేయని స్కిజోఫ్రీనియా. ఈ మందుకి మాత్రం కార్బిమజోల్ లాగా కాదు, రక్తపరీక్షే కాపలా. మొదటి 18 వారాలు వారం వారం, ఏడాది వరకు రెండు వారాలకోసారి, ఆ తర్వాత నాలుగు వారాలకోసారి. రిజల్ట్‌కి రంగు ఉంటుంది, ఆకుపచ్చ వస్తే మందు ఇస్తారు, కాషాయం వస్తే వారానికి రెండుసార్లు పరీక్ష, ఎరుపు వస్తే మందు ఆగిపోతుంది. మొదట్లో తమ్ముడు సూది చూసి గోల చేసేవాడు, నర్సు ఇలా ఎందుకో చెప్పింది. 1975లో ఫిన్లాండ్‌లో ఈ మందు వాడినవాళ్లలో ఎనిమిది మంది తెల్లకణాలు పడిపోయి చనిపోయారు, చాలా దేశాల్లో ఆపేశారు. అమెరికాలో 1989లో అనుమతి ఇచ్చినప్పుడు రక్తపరీక్ష తప్పనిసరి చేసే ఇచ్చారు. విజయవాడలో మా పెద్దమ్మ కొడుకు కూడా ఇదే మందు మీద ఉన్నాడు. షాపులో రెండు నెలలకి సరిపడా తెచ్చుకుంటారు, రక్తపరీక్ష సంగతి అడిగేవాళ్లే లేరు. నేను ఫోన్ చేసి గొడవ పెట్టుకున్నాక ఇప్పుడు నెలనెలా సీబీపీ ఫోటో నాకు పంపుతున్నారు. మందు మానొద్దు అని మాత్రం గట్టిగా చెప్పాను, దానివల్లే ఆ అబ్బాయి మళ్లీ అన్నం తన చేత్తో తింటున్నాడు.

హైదరాబాద్_గృహిణి:
మావారికి పెద్దపేగు పుండ్లకి అజాథయోప్రిన్. మూడో వారంలో తలగడ మీద జుట్టు కుప్పలు కుప్పలు. షాంపూ మార్చాం. నాలుగో వారంలో జ్వరం, కౌంట్ 1,100. మనవాళ్లలో కొందరికి నూడ్‌ట్15 అనే జన్యువులో తేడా ఉంటుందట, వాళ్లకి మామూలు డోసే విషం అవుతుంది, అలా జుట్టు ఊడటమే మొదటి హెచ్చరిక అని తర్వాత చెప్పారు. ముందే పరీక్ష చేసుకునే వీలుందని అప్పుడే తెలిసింది. ఇంకా ఘోరం ఏమిటంటే, అదే నెలలో యూరిక్ యాసిడ్‌కి ఫెబుక్సోస్టాట్ వేరే డాక్టరు రాశారు, అది అజాథయోప్రిన్‌ని ఒంట్లోంచి పోనివ్వదు. ఇద్దరు డాక్టర్లకీ ఒకరు రాసింది ఒకరికి తెలియదు. రెండు చీటీలూ ఉన్నది నా బ్యాగులోనే.

ఖమ్మం_నాన్న:
మా పాపకి తలసీమియా, ఐరన్ తగ్గడానికి డెఫెరిప్రోన్. ఈ మందు 1990ల మధ్యలోనే మన దేశంలో వచ్చింది. దీనికీ ఇదే ప్రమాదం, వందలో ఒకరిద్దరికి. మేము వారం వారం కౌంట్ చూపిస్తాం. జ్వరం వస్తే స్కూల్ టీచర్‌కి కూడా చెప్పి పెట్టాం, మాత్ర ఇవ్వకుండా ముందు మాకు ఫోన్ చేయమని.

వరంగల్_ఫార్మసీ:
షాపు నడుపుతున్నాను కాబట్టి మా వైపు మాట కూడా. నొప్పుల మాత్ర అనాల్జిన్ అడిగేవాళ్లు ఇంకా వస్తారు, ముఖ్యంగా పెద్దవాళ్లు. అది కూడా ఈ కోవదే, అమెరికాలో 1977లోనే తీసేశారు, మన దగ్గర 2013లో ఆపి 2014లో షరతులతో వదిలారు. తలనొప్పికి అడిగితే నేను ఇవ్వను. పైన పాలమూరు తమ్ముడు రాసింది చదివి ఈ రోజు మా అబ్బాయిలిద్దర్నీ కూర్చోబెట్టాను. మెథోట్రెక్సేట్ కవరు మీద గీతలు వద్దు, ఏ వారమో తెలుగులో అక్షరాలతో రాయాలి, కొన్నవాళ్ల చేత ఆ వారం పేరు చెప్పించుకున్నాకే కవరు ఇవ్వాలి అని.

తెనాలి_అమ్మాయి:
అందరికీ చాలా థ్యాంక్సండీ. ఈ రోజు ఏడో రోజు. పొద్దున రిపోర్టు రాగానే నల్గొండ అన్న చెప్పిన లెక్క నేనే వేశాను. టోటల్ 2,400, న్యూట్రోఫిల్స్ 31. అంటే 744. నిన్న 210. కాకినాడ అక్కా, మీరన్నట్టే ఐదు రోజులు ఏమీ లేదు, ఒక్కసారిగా కదిలింది. మధ్యాహ్నం అమ్మ నాలుగు చెంచాల పెరుగన్నం మింగింది, గిన్నె తీసేయమంది. ప్రొపైల్‌థయోయురాసిల్ గురించి అడిగాను, అది ఇవ్వరట, ఇప్పటికి దడకి మాత్రమే మాత్ర ఇచ్చి, కౌంట్ పూర్తిగా వచ్చాక రేడియో అయోడిన్‌కి హైదరాబాద్ పంపిస్తామన్నారు. ఇంటికెళ్లాక పడని మందు కార్బిమజోల్ అని రాసి ఆధార్ కార్డుతో పాటు అమ్మ పర్సులో పెడతాను. రేడియో అయోడిన్ తీసుకున్నాక ఇంట్లో ఎన్ని రోజులు విడిగా ఉండాలి అక్కా? అన్నయ్య కూతురికి పది నెలలు, అమ్మ చేతుల్లోంచి దిగదు.

కాకినాడ_అక్క:
744! దేవుడు చల్లగా చూశాడు తల్లీ. ఎన్ని రోజులన్నది ఇచ్చిన డోసుని బట్టి వాళ్లే కాగితం మీద రాసిస్తారు, చంటిపిల్ల ఉందని వెళ్లిన మొదటి నిమిషంలోనే చెప్పు. నేనైతే ఆ రోజుల్లో మా మనవణ్ణి గుమ్మం అవతల్నుంచే చూసుకున్నాను. పాపని కొన్నాళ్లు వాళ్ల అమ్మమ్మ ఇంట్లో ఉంచగలరేమో ఇప్పుడే మాట్లాడి పెట్టుకోండి.