‘జెండార్మ్’ను పోలీసు అనవచ్చునా?

స్పిరోస్ స్పిరోమిలియోస్ అనే గ్రీకు అధికారి జీవితాన్ని తెలుగులో రాస్తున్న సభ్యులొకరు, ‘జెండార్మరీ అధికారి’ని ‘పోలీసు అధికారి’గా మార్చవచ్చునా అని అడిగారు. మార్చకూడదని నా గట్టి అభిప్రాయం.

జెండార్మరీ అంటే సైన్యం తరహాలో నడుస్తూ పోలీసు పని చేసే దళం; అందులోని భటుడు జెండార్మ్. జెండార్మ్ ఫ్రెంచి మాట. ఆయుధాలు పట్టిన మనుషులని దాని మూలార్థం. గ్రీకులు 1833లో ఆ పద్ధతిలోనే దళాన్ని ఏర్పరచుకున్నా, దానికి తమ భాషలో ‘ఖోరోఫిలకీ’ అని పేరు పెట్టుకున్నారు. ‘ఖోరా’ అంటే సీమ, ‘ఫిలకీ’ అంటే కావలి. ఫ్రెంచి పేరులో ఆయుధం ఉంటే గ్రీకు పేరులో నేల ఉంది. ఇంకొక సభ్యులు సూచించిన ‘రక్షకభటుడు’ మంచి మాటే, ‘భటుడు’ ఉన్నందువల్ల ఫ్రెంచి పదానికి చక్కగా అతుకుతుంది కూడా. కాని అందులో నేల లేదు. అందుకే ‘సీమ కావలి దళం’ అనమంటాను. కాచు అనే క్రియ నుంచి వచ్చిన కావలి మనకు కొత్త మాట కాదు; రాయలసీమ పాలెగాళ్ల చరిత్రలో అది ఊళ్లను కాచే హక్కుకూ బాధ్యతకూ పేరు.

ఈ పట్టింపు ఎందుకంటే, స్పిరోమిలియోస్ కథకు కీలకం ఆ మాటలోనే ఉంది. ఆయన పుట్టిన హిమారా (ఇప్పటి దక్షిణ అల్బేనియాలోని ఊరు) అప్పటికి ఒట్టోమన్ల ఏలుబడిలో ఉండేది. 1912 నవంబరులో ఆయన స్వచ్ఛంద సైనికులతో అక్కడ దిగి ఆ ఊరిని గ్రీసు వశం చేశాడు. 1913 డిసెంబరులో ఫ్లారెన్సు ఒడంబడిక ఆ ప్రాంతాన్ని అల్బేనియాకు ఇచ్చి, గ్రీకు సైన్యం వెనుదిరగవలసి వచ్చినప్పుడు, 1914 ఫిబ్రవరిలో ఆయన హిమారాకు స్వయంప్రతిపత్తి ప్రకటించాడు. తాను కొలువు చేసే రాజ్యం వదులుకోబోతున్న సీమకు తానే కావలి నిలిచాడు. ‘పోలీసు అధికారి’ అని రాస్తే పాఠకుడికి ఇదేదీ అందదు. ఇక్కడ ‘స్వాతంత్ర్యం’ అని కూడా రాయకండి. ఆ సంవత్సరం మే నెలలో కోర్ఫూలో కుదిరిన ఒప్పందం సైతం అల్బేనియా సార్వభౌమత్వం కిందనే స్వపరిపాలనను ఇచ్చింది.

అంతకుముందు, ఒట్టోమన్ల ఏలుబడిలోని మాసిడోనియా కోసం గ్రీకు, బల్గేరియన్ సాయుధ బృందాలు తలపడిన మాసిడోనియా పోరాటంలో ఆయన మారుపేరు ‘కపెతాన్ బువాస్’. దీన్ని ‘కెప్టెన్ బువాస్’ అనడం పొరపాటు. ఆ పోరాటంలో కపెతాన్ సైనిక హోదా కాదు, కొండల్లో తిరిగే సాయుధ బృందానికి నాయకుడని అర్థం. కనుక ‘దళనాయకుడు’ సరిపోతుంది.

చివరి ప్రశ్న, ఆయనను ‘విప్లవకారుడు’ అనవచ్చునా అన్నది. గ్రీకులో తిరుగుబాటుకూ విప్లవానికీ వాడే ‘ఎపనాస్తాసి’లో లేచి నిలబడడం అనే భావం ఉంది. మన ‘విప్లవం’ నేడు సమాజ వ్యవస్థనే కూలదోయడాన్ని స్ఫురింపజేస్తుంది. స్పిరోమిలియోస్ కోరింది అది కాదు. ఆయనను ‘తిరుగుబాటు నాయకుడు’ అనే రాయండి.