మధ్య ఫ్రేములు సాఫ్ట్‌వేర్ పుట్టిస్తే అది చేత్తో చేసిన యానిమేషనేనా?

కత్తెర_జిగురు:
పాత పత్రికల్లో బొమ్మలు కత్తిరించి, కొలాజ్‌లా పేర్చి స్టాప్ మోషన్ చేస్తుంటాను, అంటే బొమ్మని కొద్దికొద్దిగా జరుపుతూ ఒక్కో ఫోటో తీసి, వాటిని వరసగా ఆడించి కదిలేలా చూపిస్తాను. సినిమాకి సెకనుకు 24 ఫ్రేములు (కదలని చిత్రాలు) కావాలి, ఒక్కో ఫోటోని రెండు ఫ్రేముల పాటు నిలిపినా సెకనుకు 12 ఫోటోలు తీయాల్సిందే. ఈమధ్య ఒకరు అందులో సగమే తీసి, మిగతావి సాఫ్ట్‌వేర్‌తో పుట్టించి, కింద 'పూర్తిగా చేత్తో చేసింది' అని పెట్టుకున్నారు. నా దృష్టిలో ఇది మోసం. మీరేమంటారు?

నీడబొమ్మ:
మోసం అనేది పెద్ద మాటండీ. 'కోరలైన్' (2009) అనే స్టాప్ మోషన్ సినిమాలో బొమ్మల ముఖాలు త్రీడీ ప్రింటర్‌లో తీసినవే. హావభావాల కోసం నుదురు భాగం, నోటి భాగం విడివిడిగా మారుస్తారు కాబట్టి మధ్యలో అతుకు గీత పడుతుంది, దాన్ని తర్వాత కంప్యూటర్‌లో చెరిపేశారు. అది స్టాప్ మోషన్ కాదని ఎవరైనా అన్నారా?

కత్తెర_జిగురు:
చెరపడం వేరు, కదలిక పుట్టించడం వేరు. అతుకు చెరిపినా బొమ్మ కెమెరా ముందు అక్కడే ఉంది కదా! సాఫ్ట్‌వేర్ గీసిన మధ్య ఫ్రేములో ఉన్న కాగితం చెయ్యి ఆ చోటికి అసలు రానేలేదు. చెయ్యి పైకి లేచే ముందు కాస్త వెనక్కి లాగాలా, ఆగేచోట నెమ్మదించాలా, ఇవన్నీ ఫోటోకీ ఫోటోకీ మధ్య మనం తేల్చుకునేవి, యానిమేటర్ పనంటే అదే. పైగా సాఫ్ట్‌వేర్ మధ్యలో దూరితే కత్తిరించిన అంచు రబ్బరులా సాగుతుంది, చిరిగిన కాగితం చిరిగినట్టు కనిపించదు.

పాప్‌కార్న్:
చూసేవాళ్ళకి ఇదంతా ఎందుకు బ్రో, కథ బాగుంటే చాలు.

మట్టిముద్ద:
తేడా కంటికి తెలుస్తుంది. 1933 'కింగ్ కాంగ్' సినిమాలో కోతి బొమ్మ బొచ్చు ఊరికే కదులుతుంటుంది, అది గాలి కాదు, ఫ్రేముకీ ఫ్రేముకీ మధ్య యానిమేటర్ వేళ్ళు తగిలిన గుర్తు. 'అనోమలీసా' (2015) అనే స్టాప్ మోషన్ సినిమా వాళ్ళయితే ముఖాల మీద అతుకు గీతల్ని కావాలనే ఉంచేశారు.

నీడబొమ్మ:
వాళ్ళ వెనక స్టూడియోలున్నాయండీ. ఒక్కడే కూర్చుని కత్తిరించి, లైటు పెట్టి, ఫోటో తీసి, మళ్ళీ జరిపేవాడు నడుం నొప్పితో సగం పని సాఫ్ట్‌వేర్‌కి అప్పగిస్తే అంత తప్పా?

కత్తెర_జిగురు:
తప్పని కాదు, అసలు ఆ అవసరమే లేదంటున్నా. సెకనుకు 6 ఫోటోలే తీసి, ఒక్కోదాన్ని నాలుగు ఫ్రేములు నిలిపి వదిలేయొచ్చు. కుదుపు ఉంటుంది, ఉండనీయండి, కొలాజ్‌కి ఆ కుదుపే అందం. నున్నగా కదలాలనుకుంటే కాగితం దేనికసలు? లేదూ సాఫ్ట్‌వేరే కావాలంటే 'ఫోటోలు చేత్తో, మధ్య ఫ్రేములు సాఫ్ట్‌వేర్‌తో' అని ఒక్క ముక్క రాస్తే నాకే గొడవా లేదు.

పాప్‌కార్న్:
అలా రాస్తే ఎవరు చూస్తారు?

మట్టిముద్ద:
మరి కథ బాగుంటే చాలన్నావ్?