రాక్ పాటలో అతిథి గొంతు పాడింది ‘ఎడగారు’ అనా, ‘ఎదఁగారు’ అనా?

కోవూరు అమ్మాయి:
పెద్దలకు నమస్కారం. మన నెల్లూరు పిల్లలే, బెంగుళూరులో ఉద్యోగాలు చేసుకుంటూ ఒక ఆల్టర్నేటివ్ రాక్ సింగిల్ విడుదల చేశారు. పాటంతా వాళ్ళ గాయకుడే పాడాడు. మధ్యలో గిటార్లు ఒక్కసారిగా పైకి లేచే చోట మాత్రం ఒక పెద్దాయన గొంతు వస్తుంది. గొల్లల వీరగాథ కాటమరాజు కథను పాడి చెప్పే కొమ్మువాళ్ళలో ఆయనొకరట. పాడింది నాలుగు పాదాలే గానీ నిద్రలో కూడా అవే వినపడుతున్నాయి.

వెదురుబుట్ట ఖాళి, విత్తు లేదయ్యా
ఎ–గారు నీరింకి ఎండెనే నేల
గొడ్డుగోదా తోలి కొండెక్కి పోతే
పుల్లరడిగే వాడు పొలిమేర కొచ్చె

రెండో పాదంలో ఆ అక్షరం డ అవునా, ద అవునా? పాట కింద సాహిత్యం పెట్టారు, కానీ ఇంగ్లీషు అక్షరాల్లో. అక్కడ రెండింటికీ ఒకటే ‘డి’. ఎన్నిసార్లు విన్నా ఒకసారి అట్టా, ఒకసారి ఇట్టా వినపడుతోంది.

ఇందుకూరుపేట రైతు:
ఇందులో అనుమానం దేనికమ్మా? ఎడగారు. డెల్టాలో ఏ రైతునడిగినా చెబుతాడు. మనకు మొదటి పంట ఈశాన్య రుతుపవనాల మీద. అక్టోబరు, నవంబరులో నాట్లు, ఫిబ్రవరి, మార్చిలో కోతలు. ఆ తర్వాత పెన్న మీది సోమశిల జలాశయంలో నీళ్ళు మిగిలితే ఏప్రిల్, మే నుంచి సెప్టెంబరు దాకా ఎడగారు. ‘ఎడగారు నీరు’ అనే మాట మా నోట్లో రోజూ నలిగేదే. 78 టీఎంసీల జలాశయంలో ఎంత నిలవ ఉందో చూసి, ఏ కాలవ కింద ఎన్ని ఎకరాలకు ఇస్తారో చెప్పేదాకా ఇక్కడ అందరికీ టెన్షనే. ఆ నీరు ఇంకిపోయి నేల ఎండింది అంటున్నాడు ఆ పెద్దాయన. ఇంతకంటే సూటిగా ఎవరు చెప్పగలరు?

ఒంగోలు మాస్టారు:
రైతన్న మాట కొట్టెయ్యను. అయినా పాదాన్ని పాదంగా చూడాలి కదా. మొదటి పాదంలో రెండో అక్షరం ‘వెదురు’లోని ద. ప్రాస కలవాలంటే రెండో పాదంలోనూ ద రావాలి. ఎదన్ + కారు, సరళాదేశం వచ్చి, అంటే క కాస్తా గ అయి, ఎదఁ గారు. ‘ఎదలో నుంచి కారే నీరు’ అని అర్థం. గుండెలో తడి కూడా ఇంకిపోయి, నేలా ఎండింది. ద్రుతం, అంటే చివరి న్, మీద పరుషం సరళమైతే అరసున్న ఎలా వస్తుందో ఈ గుంపులో వాళ్ళకు చెప్పనక్కర్లేదు. కరువులో రైతు కన్నీళ్ళు కూడా ఇంకిపోయాయని చెప్పే ఈ పాదాన్ని పంటకాలం పేరు దగ్గరే ఆపేస్తే పాటకు అన్యాయం చేసినట్టే.

ఇందుకూరుపేట రైతు:
మాస్టారూ, ప్రాస చూసేటట్టయితే మూడో పాదం కూడా చూడాల. ‘గొడ్డు’ అని ఉంది అక్కడ. డ ఉంది కదా.

ఒంగోలు మాస్టారు:
అది ద్విత్వం. డ్డకు డ్డతోనే ప్రాస, ఒంటి డతో కుదరదు. నాలుగో పాదంలో ల్ల. నాలుగు పాదాల్లో ప్రాసకు వీలున్నది మొదటి రెండింటికే, అక్కడ ద.

నెల్లూరు మూలాపేట అక్క:
జానపదుడికి ప్రాస నియమం పెట్టడం దేనికి మాస్టారూ? ఆయన పట్టుకున్నది యతిని, అంటే పాదం మొదటి అక్షరానికి మధ్యలో ఇంకో అక్షరం కలపడాన్ని. వెదురు–విత్తు, ఎ–ఎం, గొడ్డు–కొండ, పుల్లరి–పొలిమేర. నాలుగు పాదాల్లోనూ పొల్లుపోకుండా వేశాడు. ప్రాస మీద ఆయన దృష్టి లేదు. యతి రెండు పాఠాల్లోనూ చెడదు కాబట్టి ఛందస్సు ఈ తగువు తీర్చదు.

నా అనుమానం వేరే ఉంది. ఎడఁద అంటే హృదయం. పాత కావ్యాలు చదివినవాళ్ళకు ఈ మాట కొత్తది కాదు. అంటే డ పలికినా గుండె ఉండొచ్చు! ‘ఎడ’ అంటే దూరం, మధ్య, చోటు అని కూడా ఉన్నాయి. ఎడఁద అనే మాట ఈ ‘ఎడ’ నుంచే పుట్టిందని నా ఊహ. ఒళ్ళు మధ్యన ఉండే చోటు గనక. ఇంత చిన్న మాటలో పంట, దూరం, గుండె మూడూ కూర్చున్నాయి. తిక్కన గారి ఊళ్ళో పుట్టిన పాట కదా మరి! ఆయన కూడా అంతే, అచ్చ తెలుగు మాట ఒక్కటి పెట్టి నాలుగు అర్థాలు మోయిస్తారు.

కందుకూరు మిత్రుడు:
మీరందరూ ఎద అనగానే గుండె అనుకుంటున్నారు. మా వైపు ‘ఎద పెట్టడం’ అంటే విత్తనం వేయడం. వెద అనే మాటలో వ జారిపోయి ఎద అయింది. వెదగొర్రు, వెదజల్లడం అందరికీ తెలిసినవే. అప్పుడు ‘ఎదకారు’ అంటే విత్తే కారు. మొదటి పాదం చివర ఏముంది? విత్తు లేదయ్యా! బుట్టలో విత్తు లేదు, విత్తే కాలపు నీరూ ఇంకిపోయింది. రెండు పాదాలు ఒకదానికొకటి అతుక్కుంటున్నాయి చూడండి. గుండెను తెచ్చి పెట్టాల్సిన పని లేదు, సోమశిలనూ తెచ్చి పెట్టాల్సిన పని లేదు.

మా కందుకూరు 1970 దాకా నెల్లూరు జిల్లా, ఆ తర్వాత ప్రకాశం, 2022లో మళ్ళీ నెల్లూరులో కలిపారు. రెండు వైపుల మాటలూ మా చెవిలో ఉన్నాయి కాబట్టి ఇంత గట్టిగా చెబుతున్నా.

ఒంగోలు మాస్టారు:
కందుకూరు మిత్రుడి మాట బాగుంది. ఇట్లాంటి మాటలు ఏరి కూర్చడానికే మా ఒంగోలులో పుట్టిన భద్రిరాజు కృష్ణమూర్తిగారు మాండలిక వృత్తి పదకోశం మొదలుపెట్టారు. వ్యవసాయ పదాల సంపుటి 1962లో వచ్చింది. మూలనున్న రైతు నోటి మాటకు కూడా నిఘంటువులో కుర్చీ వేసిన మహానుభావుడు. ఈ పాట ఆయన విని ఉంటే ముందు ఆ పెద్దాయనది ఏ ఊరని అడిగేవారు. తేల్చాల్సింది అదే.

గిటార్ తమ్ముడు:
పెద్దల మధ్యలో దూరుతున్నాను, క్షమించాలి. నేను ఒంగోలులో ఒక చిన్న బ్యాండులో వాయిస్తాను. మీకు డ, ద తేడా వినపడకపోవడానికి కారణం ఆయన నోరు కాదు, మా గిటారు. నాలుక వెనక్కి మడిచి డ అన్నప్పుడు గొంతులో మూడో ఫార్మెంట్, అంటే నాదం బలంగా మోగే మూడో స్థాయి, కిందికి దిగుతుంది. ద అన్నప్పుడు అంతగా దిగదు. చెవి ఆ తేడాను 2000 నుంచి 3000 హెర్ట్జ్ ప్రాంతంలో పట్టుకుంటుంది. డిస్టార్షన్ వేసిన గిటారు సరిగ్గా ఆ చోటే ఆక్రమించుకుంటుంది. పైగా అచ్చుల మధ్య డను గట్టిగా పలకం, నాలుక అలా తగిలించి వదిలేస్తాం. దను కూడా మెత్తగానే అంటాం.

ఇంకో సంగతి. డ గుర్తు డలో కంటే దాని ముందున్న అచ్చులో ఎక్కువ తెలుస్తుంది. కాబట్టి ‘ఎ’ చివర వినండి. చిక్కేమిటంటే ఆ ‘ఎ’ మీదే డ్రమ్మర్ పెద్ద సింబల్ కొట్టాడు. నేనైతే అతిథి గొంతు వచ్చేటప్పుడు గిటార్లను పక్కలకు జరిపి, ఆ ప్రాంతంలో కొంచెం తగ్గించి, ఆయనకు నడిమధ్యన చోటిచ్చేవాణ్ణి. అంత పెద్దాయనను పిలిచి పాడించుకున్నప్పుడు ప్రతి అక్షరం వినపడాలి. ఈ విషయంలో ఆ బ్యాండు మీద నాకు కోపంగానే ఉంది, పాట ఎంతో నచ్చినా సరే.

కోవూరు అమ్మాయి:
తమ్ముడూ, నువ్వు చెప్పినట్టే ‘ఎ’ చివర విన్నాను. హెడ్‌ఫోన్లో డ లాగా ఉంది, కారులో ద లాగా ఉంది. మాస్టారు అడిగిన ఊరి సంగతి: పాట మొదలయ్యే ముందు ఆయన చిన్నగా మాట్లాడతారు. “మేం కనిగిరి కిందోళ్ళం” అంటారు.

ఒంగోలు మాస్టారు:
ఇంకేం, తేలిపోయింది! కనిగిరి మా వైపు మెట్ట ప్రాంతం. అక్కడ కాలవలెక్కడివి, ఎడగారెక్కడిది? వానను నమ్ముకున్న నేలలో పుట్టినవాడు పంటకాలవ భాష ఎందుకు పాడతాడు? ఎదఁ గారు నీరే.

ఇందుకూరుపేట రైతు:
తొందరపడొద్దు మాస్టారూ. మాకు బుచ్చిరెడ్డిపాలెం దగ్గర కనిగిరి రిజర్వాయరుంది. ‘కనిగిరి కింద’ అంటే మా వైపు ఆ రిజర్వాయరు ఆయకట్టు. ఊరి మనిషైతే ‘కనిగిరోళ్ళం’ అంటాడు గానీ ‘కనిగిరి కిందోళ్ళం’ అనడు. ‘కింద’ అన్నాడంటే నీళ్ళు పారే చోటే. పెన్న మీద నెల్లూరు ఆనకట్ట 1855 నాటిది. అన్ని తరాలుగా కాలవ నీళ్ళు తాగిన నేల ఇది. ఆ నేల మీది మాట ఎడగారు.

కందుకూరు మిత్రుడు:
‘కింద’ అంటే కొండ కింద కూడా కావచ్చు కదన్నా. కనిగిరిలో కొండ ఉంది, దుర్గం ఉంది. మూడో పాదంలో కొండెక్కడం కూడా ఉందాయె.

పామూరు కథాప్రియుడు:
ఇప్పటిదాకా ఎవరూ నాలుగో పాదం ముట్టుకోలేదు. నాకు అదే ముఖ్యం. పుల్లరి అంటే పశువుల మేతకు కట్టే పన్ను. కాటమరాజు కథకు అదే ఆయువుపట్టు. కరువొచ్చి గొల్లలు మందల్ని నెల్లూరు సీమకు తోలుకొచ్చారు, నెల్లూరు రాజు నల్లసిద్ధితో మేతకు ఒప్పందమైంది, తర్వాత పుల్లరి దగ్గర మాట తేడా వచ్చి పాలేటి ఒడ్డున యుద్ధమైంది. అంటే పాడుతున్నది పశువుల కాపరి తరఫున, రైతు తరఫున కాదు. కాపరి నోట ‘ఎద’ అంటే ఏమిటి? ఆవు ఎదకు రావడం! ఆవులు ఎదకొచ్చే కారులో నీళ్ళు ఇంకిపోతే మంద పెరగదు. ఒంగోలు జాతి పుట్టిన సీమలో ఈ అర్థం ఒక్కరికీ తట్టకపోవడం నాకు కష్టంగా ఉంది.

ఇందుకూరుపేట రైతు:
కాపరికి వెదురుబుట్టలో విత్తు దేనికి అబ్బయ్యా?

పామూరు కథాప్రియుడు:
మొదటి రెండు పాదాలు రైతువి, తర్వాతి రెండు కాపరివి అనుకున్నా నాకు అభ్యంతరం లేదు. అయినా ఎద అంటే పశువు ఎదే.

నెల్లూరు మూలాపేట అక్క:
పుల్లరి మాటెత్తారు కాబట్టి ఒకటి చెప్పాలి. ఆ యుద్ధంలోనే కదా నెల్లూరు సేనాని ఖడ్గతిక్కన పోయింది. ఓడి ఇంటికొస్తే భార్య చానమ ఆడవాళ్ళకు పెట్టినట్టు మంచం చాటున నీళ్ళు, పసుపు ముద్ద పెట్టిందనీ, తల్లి విరిగిన పాలు పోసిందనీ చాటుకథ. ఆయన తిరిగి వెళ్ళి ప్రాణం ఇచ్చాడు. మన కవిబ్రహ్మ తిక్కన గారికి ఆయన దాయాది. ఇప్పుడు చూడండి, తిక్కన గారు భారతం ఎత్తుకున్నది విరాటపర్వం నుంచి. అందులో ఏముంది? దక్షిణ గోగ్రహణం, ఉత్తర గోగ్రహణం. పశువుల కోసం జరిగిన యుద్ధాలే! సొంత ఇంటి మనిషి ఆవుల తగువులో పోయిన చోటు నుంచి ఆయన ‘సింగం బాకటితో’ అని ద్రోణుడి చేత అర్జునుణ్ణి చూపిస్తుంటే, అది చదువుతున్న ప్రతిసారీ నాకు పాలేటి ఒడ్డే కనపడుతుంది. ఆ పద్యంలోని ఆకలి పుస్తకాల్లో నుంచి వచ్చింది కాదని నా నమ్మకం.

ఒంగోలు మాస్టారు:
అమ్మా, నన్నయ గారు ఆగిన అరణ్యపర్వశేషాన్ని వదిలి ఆ తర్వాతి పర్వం ఎత్తుకున్నారు కాబట్టి విరాటపర్వం వచ్చింది. గోగ్రహణం కోసం కాదు. ఆ శేషం పూర్తి చేసిన ఎర్రన గారు మా అద్దంకి ఆస్థానంలో వారు, అదీ మరిచిపోవద్దు.

నెల్లూరు మూలాపేట అక్క:
ఎందుకు ఎత్తుకున్నారని కాదు మాస్టారూ నేనన్నది. ఎత్తుకున్నాక ఆ యుద్ధాన్ని ఎంత దగ్గరగా రాశారో చూడమన్నాను.

కోవూరు అమ్మాయి:
అక్కా, మాస్టారూ, మరి నా అక్షరం?

గిటార్ తమ్ముడు:
బ్యాండు వాళ్ళను ఆ గొంతు ఒక్కటే ఉన్న ట్రాక్ అడగండి అక్కా. గిటార్లు, డ్రమ్స్ లేకుండా వింటే కొంత తెలియొచ్చు.

ఇందుకూరుపేట రైతు:
వచ్చినా నాకు డ అనే వినపడుతుంది.

పామూరు కథాప్రియుడు:
ట్రాక్ వస్తే ఇక్కడ పెట్టండి. ఈలోగా మూలాపేట అక్కకు ఒక ప్రశ్న. మీరు కథలోని నల్లసిద్ధిరాజునూ, తిక్కన గారు నిర్వచనోత్తర రామాయణం అంకితమిచ్చిన నెల్లూరు ప్రభువు మనుమసిద్ధినీ ఒకరే అనుకుని మాట్లాడుతున్నారు. నేను ఒప్పుకోను. కొమ్మువాళ్ళు ఎక్కడా మనుమసిద్ధి అనగా నేను వినలేదు. ‘నల్ల’ అనేది ఎక్కడి నుంచి వచ్చిందో ముందు అది చెప్పండి.