ఔట్‌లాండర్ కోటల ఒక్కరోజు టూర్: అమ్మానాన్నలతో వెళ్లవచ్చా?

ప్రశ్న: కిన్నెరసాని

నమస్కారం. మేము న్యూకాజిల్‌లో ఉంటాము. వచ్చే నెలలో కొత్తగూడెం నుంచి మా అమ్మానాన్నలు వస్తున్నారు. వారిని ఎడిన్‌బరోకు తీసుకువెళ్లినప్పుడు, ఔట్‌లాండర్ అనే టీవీ సిరీస్ చిత్రీకరించిన కోటలను చూపించే గైడెడ్ టూర్‌కు ఒక రోజు కేటాయించాలని అనుకుంటున్నాను. ఉదయం మినీబస్సులో బయలుదేరి డూన్ కోట, బ్లాక్‌నెస్ కోట, లిన్‌లిత్‌గో రాజప్రాసాదం, మిడ్‌హోప్ కోట చూపించి సాయంత్రానికి తిరిగి దింపే టూర్లు చాలానే కనిపిస్తున్నాయి. కొన్నింటిలో కూరస్ అనే ఊరు కూడా ఉంది.

మా అమ్మ ఈ సిరీస్‌ను ఒక్క భాగమైనా వదలకుండా చూసింది. నాన్న సింగరేణిలో పనిచేసి రిటైరయ్యారు; ఆయన ఈ సిరీస్ చూడలేదు, చూసే ఉద్దేశమూ లేదు. కథ తెలియని మనిషిని రోజంతా “ఆ సన్నివేశం ఇక్కడే తీశారు” అనే మాటల మధ్య తిప్పడం సబబేనా అన్నది నా మొదటి సందేహం. అమ్మకు మోకాళ్ల నొప్పులున్నాయి. మెట్లు మెల్లగా ఎక్కగలదు గానీ దిగేటప్పుడు ఇబ్బంది పడుతుంది. ఇద్దరూ శాకాహారులు. టూర్ తీసుకోవడం మేలా, లేక రైళ్లలోనూ బస్సుల్లోనూ మేమే వెళ్లడం మేలా? వెళ్లివచ్చినవారు దయచేసి చెప్పగలరు.

జవాబు: లీత్‌రేవు

కిన్నెరసాని గారూ, నేను ఎడిన్‌బరోలోనే ఉంటాను. ఊరి నుంచి చుట్టాలు వచ్చినప్పుడల్లా ఈ దారిలో తిప్పడం నాకు అలవాటు. పెద్దవాళ్లతో ఈ కోటలన్నీ ఒకే రోజున చూడాలంటే టూరే తీసుకోండి. లిన్‌లిత్‌గోకు వేవర్లీ స్టేషన్ నుంచి రైలులో ఇరవై నిమిషాలే కాబట్టి అక్కడికి సొంతంగా వెళ్లడం తేలిక. డూన్‌కు రైలు లేదు. డన్‌బ్లేన్ స్టేషన్‌లో దిగి బస్సు పట్టుకోవాలి. బ్లాక్‌నెస్, మిడ్‌హోప్ అయితే కారు లేనివారికి అందనంత దూరమనే చెప్పాలి.

అయితే టూర్‌ను ఎంచుకునేటప్పుడు ఎన్ని చోట్లకు తీసుకువెళ్తారన్నది కాకుండా, ఒక్కొక్క చోట ఎంతసేపు ఆపుతారన్నది అడగండి. ఐదారు చోట్ల పేర్లు వేసి, ప్రతి కోట ముందూ ఫొటోకు మాత్రమే దించే టూర్లు ఉన్నాయి. డూన్‌కు గంటకు తక్కువ ఇచ్చే టూర్‌ను నేను ఎవరికీ సిఫారసు చేయను. కోటల ప్రవేశ టికెట్లు చాలా టూర్ల ధరలో కలిసి ఉండవు. ఆ సంగతి కూడా ముందే తేల్చుకోండి.

అమ్మగారి మోకాళ్ల గురించి అన్నింటికంటే బ్లాక్‌నెస్ దగ్గర జాగ్రత్తపడాలి. ఆ కోట ముంగిలికి చదునైన నేల అంటూ లేదు. కొండరాయి ఎలా ఉందో అలాగే వదిలేసి దాని చుట్టూ గోడలు లేపారు. ఏటవాలుగా, గుంటలూ మిట్టలుగా ఉండే ఆ రాయి వాన పడితే జారుతుంది. పట్టు ఉన్న బూట్లు తప్పనిసరి. డూన్‌లో పైఅంతస్తులకు ఇరుకైన మెలికల మెట్లున్నాయి, కానీ అవి ఎక్కకపోయినా చూడవలసింది ముంగిట్లోనే చాలా ఉంది. పాత రాళ్లు ఊడిపడే ప్రమాదం వల్ల ఈ కోటల్లో అప్పుడప్పుడు కొన్ని భాగాలు మూసివేస్తుంటారు. బయలుదేరే ముందు వీటిని నిర్వహించే హిస్టారిక్ ఎన్విరాన్‌మెంట్ స్కాట్లాండ్ వెబ్‌సైట్ చూసుకోవడం మంచిది.

భోజనం విషయంలో ఒక హెచ్చరిక. ఇక్కడి కెఫేల్లో పప్పు సూప్ దాదాపు అన్నిచోట్లా దొరుకుతుంది గానీ, దాన్ని పంది మాంసపు ఎముక వేసి కాచిన నీళ్లతో చేయడం ఇక్కడి పాత పద్ధతి. పప్పు అన్నారు కదా అని తీసుకోకుండా, శాకాహారమేనా అని అడిగి తీసుకోండి. పులిహోర డబ్బా ఒకటి వెంట ఉంటే ఏ బెంగా ఉండదు.

జవాబు: శాసనప్రియ

నాన్నగారికి విసుగు పుడుతుందేమోనన్న సందేహానికి నేను జవాబు చెబుతాను, ఎందుకంటే నేను వెళ్లినప్పుడు నాకూ ఆ కథ తెలియదు. ఈ కోటల అసలు చరిత్ర ఆ కథకు ఎంత దగ్గరగా నడుస్తుందో వింటే, సిరీస్ చూసినవారికంటే చూడనివారికే ఎక్కువ ఆసక్తి కలగవచ్చు.

ఆ కథ మొదటి సీజన్లు 1740లలో, జాకబైట్ల తిరుగుబాటుకు ముందూ ఆ తిరుగుబాటులోనూ సాగుతాయి. పదవి పోయిన స్టూవర్ట్ రాజవంశాన్ని మళ్లీ సింహాసనం ఎక్కించాలని లేచిన ఆ తిరుగుబాటు 1746 ఏప్రిల్ 16న కల్లోడెన్ యుద్ధంతో అణగిపోయింది. సిరీస్‌లో డూన్ కోటను మెకంజీ తెగ పెద్దల నివాసంగా, లియోక్ కోట అన్న పేరుతో చూపించారు. నిజానికి దీన్ని 14వ శతాబ్దపు చివరలో కట్టించినవాడు ఆల్బనీ డ్యూక్ రాబర్ట్ స్టూవర్ట్. కిరీటం పెట్టుకోకపోయినా స్కాట్లాండ్‌ను రాజులాగే ఏలినవాడు. అతడు 1420లో చనిపోయాక, అతని కొడుకు మర్డాక్‌కు 1425లో రాజు మరణశిక్ష వేయించి కోటను స్వాధీనం చేసుకున్నాడు.

ఇప్పుడు అసలు విశేషానికి వస్తాను. 1746 జనవరిలో ఫాల్కర్క్ యుద్ధంలో ప్రభుత్వ పక్షం వారిని పట్టుకున్న జాకబైట్లు, బందీలను కొందరిని తెచ్చి బంధించింది ఈ డూన్‌లోనే. వారిలో జాన్ హోమ్ అనే యువకుడు మరికొందరితో కలిసి పక్కదుప్పట్లను ముడివేసి, ఆ తాడు పట్టుకుని పైనుంచి దిగి తప్పించుకున్నాడు. తరువాత అతడు పేరున్న నాటకకర్త అయ్యాడు. ఆ తిరుగుబాటు చరిత్రను కూడా రాసి 1802లో ప్రచురించాడు. గోడ కింద నిలబడి పైకి చూస్తే గాని ఆ దిగడం ఎంతటి సాహసమో తెలియదు. ముఖద్వార బురుజు ఎత్తు దాదాపు 30 మీటర్లు.

లిన్‌లిత్‌గో కథ ఇంకా బాధాకరమైనది. సిరీస్‌లో కథానాయకుడిని చిత్రహింసలు పెట్టే వెంట్‌వర్త్ చెరసాలగా దీని ప్రవేశాన్నీ నడవలనూ వాడుకున్నారు. అసలు లిన్‌లిత్‌గో స్టూవర్ట్ రాజులకు ఎంతో ఇష్టమైన విడిది. స్కాట్లాండ్ రాణి మేరీ 1542 డిసెంబర్ 8న పుట్టింది ఇక్కడే. ఆరు రోజులకే తండ్రి చనిపోగా పసికందు రాణి అయింది. ముంగిలి నడుమ ఆమె తండ్రి ఐదవ జేమ్స్ 1538లో కట్టించిన మూడంతస్తుల ఫౌంటెన్ ఇప్పటికీ ఉంది. 1745లో స్టూవర్ట్ యువరాజు చార్లెస్ వచ్చినప్పుడు అందులో వైన్ పారించారని అక్కడివారు చెప్పుకుంటారు. మరుసటి ఏడాది ఆరంభంలో తిరుగుబాటును అణచడానికి వచ్చిన ప్రభుత్వ సేనాని కంబర్లండ్ డ్యూక్ సైన్యం ఇందులో బస చేసి వెళ్తుండగా మంటలు అంటుకున్నాయి. నాటి నుంచి ప్రాసాదానికి పైకప్పు లేదు. కల్పిత కథ కోసం చెరసాలగా మారిన ఈ కట్టడాన్ని ఆ కథలోని తిరుగుబాటే నిజంగా మొండిగోడలుగా మిగిల్చిందన్న మాట. ఈ సంగతి చెప్పకుండా సన్నివేశాలు మాత్రమే ఏకరువు పెట్టే గైడ్ దొరికితే మాత్రం టూర్ సగమే అయినట్టు.

బ్లాక్‌నెస్‌ను సిరీస్‌లో ఫోర్ట్ విలియంగా చూపించారు. అసలు ఫోర్ట్ విలియం కోటను చాలావరకు రైలుమార్గం కోసం కూల్చివేశారు కాబట్టి వేరే కోట వెతుక్కోక తప్పలేదు. ఇది నిజంగానే రాజకీయ ఖైదీలను ఉంచిన కోట. ఉత్తరపు బురుజు అడుగున ఒక గొయ్యి లాంటి చెర ఉంది. సముద్రం పోటెక్కినప్పుడు నీళ్లు అందులోకి వచ్చేవి. కోట ఆకారం నీటిలోకి ముక్కు చాచిన ఓడలా ఉండటం వల్ల దీనికి కదలని ఓడ అన్న పేరు వచ్చింది. దక్షిణపు గోడ మందం కొన్నిచోట్ల ఐదున్నర మీటర్లు; ఫిరంగి గుళ్లను తట్టుకోవడానికి 16వ శతాబ్దంలో అలా బలపరిచారు.

జవాబు: లీత్‌రేవు

శాసనప్రియ గారు చక్కగా చెప్పారు. మిడ్‌హోప్ గురించి ఒక్క మాట. కథానాయకుడి ఇల్లు లాలీబ్రాక్ ఇదే కాబట్టి అమ్మగారికి అన్నింటికంటే ఇష్టమయ్యేది ఇదే కావచ్చు, కానీ లోపలికి వెళ్లనివ్వరు. లోపల ఖాళీగా, పాడుబడి ఉంది. ఇంటి లోపలి దృశ్యాలన్నీ స్టూడియో సెట్లలో తీసినవే. కమాను దాటి ముందుకు నడిచి, మెట్ల దగ్గర ఫొటో తీసుకుని రావడమే. ఇది హోప్‌టన్ వంశీకుల ఎస్టేట్‌లో ఉంది. 1936 నుంచి 1943 వరకు మన దేశానికి వైస్రాయిగా ఉండి, క్విట్ ఇండియా ఉద్యమంలో గాంధీజీని నిర్బంధించిన లార్డ్ లిన్‌లిత్‌గో ఈ వంశం వాడే. గైడ్లు ఈ మాట ఎత్తరు గానీ, నాన్నగారికి మీరు చెప్పండి.

కిన్నెరసాని

ఇద్దరికీ ధన్యవాదాలు. ఫౌంటెన్ సంగతి, దుప్పట్ల తాడు సంగతి నాన్నకు ఫోన్‌లో చదివి వినిపించాను; తానూ వస్తానన్నారు. రెండు టూర్లు అనుకూలంగా ఉన్నాయి. ఒకదానిలో కూరస్ ఉంది, బ్లాక్‌నెస్ లేదు. రెండోదానిలో బ్లాక్‌నెస్ ఉంది, కూరస్ లేదు. ఏది తీసుకోమంటారు?

జవాబు: శాసనప్రియ

సందేహం లేకుండా కూరస్. నాన్నగారు సింగరేణి మనిషి అన్నారు కదా, అందుకని మరీ గట్టిగా చెబుతున్నాను. సిరీస్‌లో ఈ ఊరిని క్రేన్స్‌మ్యూర్ అనే పల్లెగా చూపించారు. రాళ్లు పరిచిన వీధులు, ఊరి నడుమ సంత స్తంభం అమ్మగారు చూడగానే గుర్తుపడతారు. ఇక్కడ పసుపు గోడలతో కనిపించే ప్రాసాదం రాజులది కాదు, జార్జ్ బ్రూస్ అనే బొగ్గు వ్యాపారిది. 1597కూ 1611కూ మధ్య కట్టుకున్నాడు.

ఆయన ఫోర్త్ నదీముఖంలో ఆటుపోట్లకు మునిగే చోట రాతి కట్టడం లేపి, దాని నడుమ నుంచి షాఫ్ట్ (నిలువు బావి) దింపి, సముద్రం అడుగున బొగ్గు తవ్వించాడు. లోపల ఊరే నీటిని గుర్రాలు తిప్పే చక్రానికి కట్టిన బొక్కెనల గొలుసుతో తోడించేవాడు. తీసిన బొగ్గులో కొంత ఓడలకెక్కేది, కొంత సముద్రపు నీటిని మరిగించి ఉప్పు తీయడానికి వాడేవారు. 1617లో రాజు ఆరవ జేమ్స్ చూడడానికి వచ్చి, ఒడ్డున గని దిగి, అవతల షాఫ్ట్ నుంచి పైకి వచ్చేసరికి చుట్టూ నీళ్లే కనిపించడంతో ద్రోహం, ద్రోహం అని కేకలు పెట్టాడని ఒక కథ ప్రచారంలో ఉంది. 1625 తుఫానులో ఆ గని మునిగిపోయింది. భూమిలోకి దిగి పనిచేసిన మనిషికి ఆ కాలంలో నీటి అడుగున బొగ్గుబావి నడపడమంటే ఏమిటో నేను చెప్పనక్కరలేదు. ఆయనే మీ అందరికీ వివరిస్తారు.

జవాబు: లీత్‌రేవు

నాదీ అదే మాట. అమ్మగారి మోకాళ్లకు బ్లాక్‌నెస్ తప్పడం కూడా మంచిదే. కూరస్ వీధుల్లో గుండ్రాళ్లు ఉన్నా, తీరం వెంబడి చదునుగానే ఉంటుంది. పదహారు సీట్ల చిన్న బస్సు తీసుకోండి. పెద్ద కోచ్‌లో అందరూ ఎక్కి దిగేసరికే సమయం గడిచిపోతుంది. బుక్ చేసేటప్పుడే అమ్మగారి సంగతి రాసి ముందు వరుస సీటు అడగండి, బస్సు మెట్టు ఎత్తుగా ఉంటుంది.